వైజాగ్ నుంచి కొండకర్ల ఆవ, ఏటికొప్పాక: గైడ్‌తో ఒక రోజు జీపు ట్రిప్ ఎలా పెట్టుకోవాలి

చలికాలం మొదలైతే చాలు, ఒకటే ప్రశ్న వరసగా వస్తుంటుంది. "జీపులో మట్టిదారులు పట్టుకుని పోయి, చెరువు పక్క ఊళ్ళు, బొమ్మలు చేసేవాళ్ళని చూసి సాయంత్రానికి ఇంటికి వచ్చేయాలి, వైజాగ్ దగ్గర అలాంటిది ఉందా, బండి ఏది తీసుకోవాలి, గైడ్ తప్పదా?" ఉంది: కొండకర్ల ఆవ అనే సరస్సు, ఏటికొప్పాక అనే బొమ్మల ఊరు. గైడ్ కూడా తప్పదు. మిగతాది ఒక్కొక్కరికీ విడివిడిగా చెప్పే ఓపిక లేక అంతా ఒకేచోట రాస్తున్నాను.

ముందే ఒక మాట. ఇది అరకు రోడ్డులో కటికి జలపాతానికి జీపు ఎక్కించి ఎముకలు కదిలేలా తీసుకెళ్ళే లాంటి ట్రిప్ కాదు. దారిలో ఎక్కువ భాగం తారు రోడ్డే. మట్టిదారి ఉండేది ఆవ చుట్టుపక్కల, చెరకు తోటల మధ్య, వరాహ నది ఒడ్డున. బురద చిమ్ముతూ వీడియో తీసుకోవాలన్నదే మీ సరదా అయితే ఇది మీకు నచ్చదు, ఇక్కడితో ఆపేయొచ్చు. బండి ఊరి దాకా చేర్చడానికే, ఊళ్ళో చూడాల్సింది మనుషుల చేతి పని.

ఏం చూస్తారు

కొండకర్ల ఆవ అనకాపల్లి జిల్లాలో ఉన్న మంచినీటి సరస్సు, సిటీ నుంచి దాదాపు 40 కిలోమీటర్లు. మన రాష్ట్రంలో కొల్లేరు తర్వాత పెద్ద మంచినీటి సరస్సు ఇదేనంటారు. తామరలు, చలికాలంలో వలస పక్షులు, తాటిమానుని దొలిచి చేసిన దోనెల మీద చేపలు పట్టేవాళ్ళు. ఏటికొప్పాక ఇంకా ముందుకి, ఎలమంచిలి దాటాక, వరాహ నది ఒడ్డున, వైజాగ్ నుంచి 65 కిలోమీటర్లకి అటూ ఇటూ. లక్క బొమ్మల ఊరు. ఈ బొమ్మలకి 2017లో భౌగోళిక గుర్తింపు (జీఐ ట్యాగ్, ఇది ఫలానా ఊరి పని అని చెప్పే ముద్ర) వచ్చింది, ప్రకృతి రంగుల్ని మళ్ళీ వాడకంలోకి తెచ్చిన సి.వి. రాజు గారికి 2023లో పద్మశ్రీ ఇచ్చారు. ఈ రెండిటి మధ్యలో అనకాపల్లి బెల్లం. చలికాలంలో పొలాల్లో బెల్లం వండే పొయ్యిలు వెలుగుతుంటాయి, అదీ చేతి పనే, దాన్ని వదిలేసి రావడం దండగ.

ఏమేం కావాలి

- నేల నుంచి ఎత్తుగా ఉండే బండి. థార్, గూర్ఖా, జిమ్నీ ఉంటే సరదా. పొడి కాలంలో మామూలు బొలెరో చాలు. ఫోర్ వీల్ డ్రైవ్ లేకపోతే ట్రిప్ ఆగిపోదు.
- ఆ ఊళ్ళకి చెందిన, లేదా కనీసం అక్కడ మనుషులు తెలిసిన గైడ్.
- లాగే తాడు (పట్టీలాంటిది, ఇనప తీగ కాదు), దాన్ని తగిలించే షాకిల్స్, చిన్న పార, గాలి మీటరు, బండి సాకెట్‌తో నడిచే ఎయిర్ పంపు.
- బూట్లు. గట్ల మీద గడ్డిలో పాములుంటాయి, చెప్పులతో దిగొద్దు.
- చిల్లర నోట్లు. ఫోన్‌పే అందరి దగ్గరా ఉంది గానీ సిగ్నల్ అన్నిచోట్లా ఉండదు.
- బైనాక్యులర్ ఉంటే మంచిది. డ్రోన్ ఇంట్లోనే పెట్టండి. విశాఖ, రాంబిల్లి వైపు నేవీ స్థావరాలున్నాయి, అనుమతి లేకుండా ఎగరేస్తే పోలీస్ స్టేషన్లో కూర్చోవాల్సి వస్తుంది.
- కొన్న బొమ్మలు పెట్టుకోవడానికి అట్టపెట్టె, పాత నూలు బట్టలు. ఎందుకో చివర్లో చెబుతాను.

1. కాలం, రోజు చూసుకోండి

నవంబరు చివరి నుంచి ఫిబ్రవరి దాకా బాగుంటుంది. పక్షులు ఉంటాయి, బెల్లం వండుతుంటారు, మట్టి గట్టిపడి ఉంటుంది. అక్టోబరు, నవంబరు మొదట్లో తుఫాన్ల భయం ఉంది, ఒక వాన గట్టిగా పడితే ఆవ పక్క దారులు నాలుగైదు రోజులు పనికిరావు. ఏప్రిల్, మేలో వెళ్ళొచ్చు గానీ నీళ్ళు తగ్గి, ఎండకి మీరే వాడిపోతారు.

సంక్రాంతి మూడు రోజులు వద్దు. "పండక్కి సెలవులు, అప్పుడే కుదురుతుంది" అని చాలామంది అదే పెట్టుకుంటారు, తీరా వెళ్తే పని చేసేవాళ్ళు ఎవరూ ఉండరు, మూసిన తలుపులు చూసి వస్తారు. వాళ్ళకీ పండగే కదా.

ఇంకొకటి, దీన్ని ఎవరూ ఆలోచించరు: బొమ్మల కర్రని తిప్పే లేత్ మిషన్లు కరెంటుతో తిరుగుతాయి. మరమ్మతుల పేరుతో పొద్దున్నుంచి కరెంటు తీసే రోజులుంటాయి. ఆ రోజు వెళ్తే బొమ్మలు కొనుక్కోవచ్చు, తయారీ చూడలేరు. ముందు రోజు సాయంత్రం గైడ్ చేత ఊళ్ళోకి ఫోన్ చేయించండి.

2. గైడ్‌ని ముందు పట్టుకోండి, బండి తర్వాత

ఎక్కువమంది తిరగేసి చేస్తారు. మెరిసే జీపు బుక్ చేసుకుని, దాంతో పాటు వచ్చినవాడినే గైడ్ అనుకుంటారు. అతను డ్రైవరు, అంతే. ఆవ దగ్గర దోనె నడిపే వాళ్ళెవరో, ఏటికొప్పాకలో ఎవరింట్లో ఈ రోజు పని నడుస్తోందో అతనికేం తెలుస్తుంది?

ఫోన్లోనే నాలుగు ప్రశ్నలు వేయండి. ఆవలో నీళ్ళు ఇప్పుడు ఎక్కడి దాకా ఉన్నాయి? బండి ఎక్కడ ఆపుతావు? ఏటికొప్పాకలో షాపుకి తీసుకెళ్తావా, పని చేసే ఇంటికా? అక్కడ ఎంతసేపు ఉండనిస్తారు? తెలిసినవాడు తడుముకోడు, "నీళ్ళు ఫలానా గట్టు దాకా ఉన్నాయి, బండి ముందే ఆపేయాలి, నడవాలి" అని చెప్పేస్తాడు. "ఏం పర్లేదు సార్, అన్నీ చూపించేస్తాను" అని తప్ప ఇంకేం చెప్పకపోతే ఇంకొకరిని చూసుకోండి.

డబ్బు సంగతి కూడా అప్పుడే తేల్చండి. గైడ్ రోజు కూలీ వేరు, దోనె వాళ్ళకి ఇచ్చేది వేరు, పని చూపించిన ఇంటివాళ్ళకి ఇచ్చేది వేరు. అన్నీ కలిపి "ప్యాకేజీ" అంటే మీరిచ్చిన దాంట్లో దోనె తోసినాయనకి ఎంత చేరిందో మీకు తెలీదు. విడివిడిగా, ఎవరి చేతికి వాళ్ళకే ఇచ్చే పద్ధతి పెట్టుకోండి. గైడ్‌కి నచ్చకపోతే అదీ ఒక సమాచారమే.

3. బండి మాట్లాడుకునేటప్పుడు నంబరు ప్లేటు చూడండి

అద్దెకి తిరిగే బండికి పసుపు ప్లేటు, నల్ల అక్షరాలు ఉండాలి. మీరే నడుపుకునే అద్దె బండి అయితే నల్ల ప్లేటు, పసుపు అక్షరాలు. తెల్ల ప్లేటు బండి అద్దెకిస్తామంటే, ఎంత చవకైనా వద్దు. దారిలో ఏదైనా జరిగితే ఇన్సూరెన్సు వాళ్ళు మొదట పట్టుకునేది అదే. బీచ్ దగ్గర తిప్పే నాలుగు చక్రాల ఏటీవీలు తెచ్చి ఊళ్ళోకి వెళ్దామనే వాళ్ళూ ఉన్నారు. రిజిస్ట్రేషన్ నంబరు లేని బండి ఊరి రోడ్డు ఎక్కకూడదు, ఆ ఆలోచన మానుకోండి.

మాట్లాడుకోవాల్సినవి: రోజుకి ఎన్ని కిలోమీటర్లు, దాటితే కిలోమీటరుకి ఎంత, డీజిల్ ఎవరిది, డ్రైవరు బత్తా, రాత్రి ఎన్నింటిలోపు అప్పజెప్పాలి, మట్టిదారిలో గీతలు పడితే ఎవరు భరించాలి. చివరిది తప్పకుండా మెసేజ్‌లో రాయించుకోండి. బండి తీసుకునేటప్పుడు చుట్టూ తిరిగి వీడియో తీసుకోండి, కింది భాగం కూడా. స్టెప్నీలో గాలి ఉందో లేదో, జాకీ ఉందో లేదో చూడండి. జాకీ లేని జీపులు ఎన్ని తిరుగుతున్నాయో చెబితే నమ్మరు.

4. పొద్దున్నే బయల్దేరండి

అయిదున్నరకి సిటీ దాటితే ఏడుకల్లా ఆవ దగ్గర ఉంటారు. ఎన్ఏడీ, గాజువాక, కూర్మన్నపాలెం, లంకెలపాలెం మీదుగా అనకాపల్లి, అక్కణ్ణుంచి అచ్యుతాపురం రోడ్డు పట్టుకుని మునగపాక దాటాక కొండకర్ల వైపు. ఎనిమిది దాటి బయల్దేరితే గాజువాకలోనే ఓపిక అయిపోతుంది, పైగా అచ్యుతాపురం సెజ్‌కి (ఫ్యాక్టరీల వాడకి) పోయే బస్సులు, లారీలు ఎదురవుతాయి. చెరకు సీజన్లో ట్రాక్టర్లు రోడ్డు సగం ఆక్రమించి పోతుంటాయి. హారన్ కొట్టి లాభం లేదు, వెనకాల మెల్లగా వెళ్ళాల్సిందే.

5. మట్టిదారి మీద బండి నడపడం

ఇక్కడే ఎక్కువ పొరపాట్లు జరుగుతాయి కాబట్టి కాస్త వివరంగా.

మొదట, ఎక్కడ నడపకూడదో. చెరువు గట్టు మీదకి బండి ఎక్కించకండి. గట్టు మట్టితో కట్టింది, రెండు టన్నుల బండి నాలుగుసార్లు తిరిగితే గాడి పడుతుంది, వానాకాలంలో ఆ గాడిలోంచే నీరు కోస్తుంది, ఆ తర్వాత మునిగేది కింద ఉన్న వరి. నీళ్ళు తగ్గినప్పుడు బయటపడే ఆవ నేల కూడా అంతే: పైన ఎండి పగుళ్ళిచ్చి గట్టిగా కనిపిస్తుంది, కింద రెండడుగుల బురద. పైగా పక్షులు తిరిగే చోటు. దారి ఎక్కడ ఆగిందో బండి అక్కడ ఆపాలి, అక్కణ్ణుంచి నడక.

నడపగలిగే దారిలో:

ఫోర్ వీల్ ఉన్న బండి అయితే మట్టి మొదలవగానే 4హెచ్ (మామూలు వేగంలో నాలుగు చక్రాలూ లాగేది) వేయండి. తారు మీద వేయొద్దు. థార్, జిమ్నీ లాంటి వాటిలో పొడి రోడ్డు మీద ఫోర్ వీల్ వేసుకుని తిరిగితే మలుపుల్లో బండి బిగబట్టినట్టు అవుతుంది, గేరు భాగాలు దెబ్బతింటాయి. 4ఎల్ (మెల్లగా, ఎక్కువ బలంతో లాగేది) అన్నది నిజంగా ఇరుక్కున్నప్పుడో, నిలువు దిగుడులోనో. ఈ ట్రిప్‌లో దాని అవసరం రాకూడదు, వచ్చిందంటే వెళ్ళకూడని చోటికి వెళ్ళారన్నమాట.

మెత్తటి మట్టి, ఇసుక ఎక్కువగా ఉంటే టైర్లలో గాలి 22–24 పీఎస్ఐ దాకా తగ్గించుకోవచ్చు. పట్టు పెరుగుతుంది. కానీ పంపు మీ దగ్గర ఉంటేనే. గాలి తీసేసిన టైర్లతో హైవే ఎక్కితే టైరు వేడెక్కి పేలే ప్రమాదం ఉంది.

నీళ్ళు నిలిచిన చోట ముందు గైడ్‌ని అడగండి, తర్వాత ఎవరైనా కర్ర పట్టుకుని నడిచి చూడాలి. మోకాలి లోతు దాటితే వెనక్కి తిప్పండి. పారుతున్న నీళ్ళయితే అంతకన్నా తక్కువ లోతులోనే వెనక్కి. "బండి 650 మిల్లీమీటర్ల లోతు నీళ్ళలో పోతుందని బ్రోచర్లో ఉంది" అనే మిత్రులు ప్రతి గుంపులోనూ ఒకరుంటారు. ఆ లెక్క అడుగు గట్టిగా, సమంగా ఉన్న చోటికి. ఇక్కడ అడుగున ఏముందో బ్రోచర్ రాసినవాళ్ళు చూడలేదు.

ఇరుక్కుంటే ఎక్సలేటర్ తొక్కడం వెంటనే ఆపండి. చక్రం తిరిగిన కొద్దీ గొయ్యి తవ్వుకుంటుంది. దిగి, చక్రాల ముందు వెనక మట్టి పారతో తీసి, రాలిన కొబ్బరి మట్టలో, ఎండు గడ్డో, చెరకు పిప్పో కింద తోసి, వచ్చిన దారిలోనే రివర్స్‌లో మెల్లగా రండి. కదలకపోతే ట్రాక్టర్ పిలవాలి. తాడు బంపరుకి కట్టొద్దు, ఛాసిస్‌కి ఉన్న హుక్కుకే. తాడు బిగిసేటప్పుడు పిల్లల్ని, వీడియో తీసేవాళ్ళని దూరంగా పంపండి, తెగితే కొరడాలా వస్తుంది. ట్రాక్టరాయన "ఏటి బాబూ, డబ్బులెందుకు" అన్నా ఇచ్చి రండి, ఆయన పని మానుకుని వచ్చాడు.

ఊరి వీధిలో పది, పదిహేను దాటొద్దు. రోడ్డు మీద ధాన్యం, మిరపకాయలు ఆరబెట్టి ఉంటాయి. పక్కన ఖాళీ ఉంటే పక్కనుంచి, లేకపోతే దిగి అడిగి, వాళ్ళు జరిపాకే.

6. ఆవ దగ్గర

దోనె అంటే దొలిచిన రెండు తాటిమానుల్ని పక్కపక్కన కలిపి కట్టినది. నీటికి బాగా దగ్గరగా, తేలిగ్గా ఉంటుంది. చూడటానికి ముచ్చటగానే ఉంటుంది గానీ నిలబడి సెల్ఫీ తీసుకునే వస్తువు కాదు. లైఫ్ జాకెట్ అడగండి, లేకపోతే ఒడ్డు నుంచే చూడండి. ఈత వచ్చినా సరే, తామర తూళ్ళు కాళ్ళకి చుట్టుకుంటే ఈత పనిచేయదు. గాలి లేస్తే వెంటనే ఒడ్డుకి. చిన్న పిల్లలుంటే దోనె మానేయమనే నా సలహా, కోప్పడినా సరే.

దోనె తయారీ గురించి అడగండి, చాలామంది పక్షుల ఫోటోల హడావుడిలో దాన్ని వదిలేస్తారు. ఏ వయసు తాడిచెట్టు పనికొస్తుంది, ఎంత మందం వదిలి దొలుస్తారు, ఎన్నేళ్ళు వస్తుంది, నీళ్ళలో లేనప్పుడు ఎలా దాస్తారు. ఒడ్డున వల బాగుచేసుకుంటున్న పెద్దాయన పక్కన ఓ పది నిమిషాలు కూర్చుంటే ఆయనే చెబుతాడు. "తాతా, చూడొచ్చా?" అని అడిగి కూర్చోండి. ఫోటో తర్వాత, అదీ అడిగాకే.

స్పీకర్లో పాటలు పెట్టకండి. తామరలు కోయకండి. ప్లాస్టిక్ సంగతి వేరే చెప్పాలా.

తొమ్మిదిన్నరకల్లా అక్కణ్ణుంచి లేవండి. ఎండెక్కితే పక్షులూ కనబడవు, టిఫిన్ టైమూ దాటిపోతుంది.

7. బెల్లం దగ్గర ఆగడం

టిఫిన్ అచ్యుతాపురంలో కానిచ్చి ఎలమంచిలి వైపు వెళ్తుంటే, సీజన్లో పొలాల్లోంచి పొగ కనబడుతుంది. బండి రోడ్డు పక్కనే పెట్టి నడిచి వెళ్ళండి. పెనంలో ఉడికే పాకం ఒంటి మీద పడితే అంటుకుని కాలుతుంది, ఊడి రాదు. పిల్లల చెయ్యి వదలొద్దు. వండే మనిషి పాకం పదును చూసుకునే సమయంలో మాట్లాడించకండి, ఆ రెండు నిమిషాలు దాటితే దిమ్మ కట్టదు, ఆయనకి నష్టం.

కొనేటప్పుడు తెల్లగా, పసుపుగా మెరిసేదాని మీదకి చెయ్యి పోతుంది. ఆ తెలుపు కోసం హైడ్రోస్ అనే రసాయనం కలుపుతారు. ముదురు రంగుది అడిగి తీసుకోండి.

8. ఏటికొప్పాకలో

పదకొండుకల్లా చేరుకుంటే భోజనాల లోపు గంటన్నర దొరుకుతుంది. బండి ఊరి మొదట్లో ఆపండి. సందులు ఇరుకు, మీ థార్ అక్కడ ఇరుక్కుంటే ఊరంతా ఆగుతుంది.

గైడ్ మిమ్మల్ని నేరుగా షాపుకి తీసుకెళ్తుంటే ఆపి, ముందు పని చూద్దామనండి. క్రమం ఇలా ఉంటుంది: ఎండబెట్టిన అంకుడు కర్ర ముక్కని లేత్‌కి బిగిస్తారు, ఉలితో ఆకారం తెస్తారు, తిరుగుతున్న కర్రకే రంగు కలిపిన లక్క కడ్డీని ఆనిస్తారు. ఆ రాపిడి వేడికి లక్క కరిగి కర్రకి పడుతుంది. చివర్లో మొగలి ఆకు పెట్టి నిగ్గు తేలుస్తారు. బ్రష్ ఎక్కడా లేదు. రంగు గీతలు అంత సన్నగా, అంత సమంగా ఎలా వస్తాయో కళ్ళారా చూస్తేనే అర్థమవుతుంది, వీడియోల్లో ఆ ఒత్తిడి కనబడదు, చెయ్యి ఎంత బిగించి ఎప్పుడు వదిలారన్నదే అసలు పని. పసుపుకి పసుపు కొమ్ము, నీలానికి నీలిమందు, నారింజ ఎరుపుకి జాఫ్రా గింజలు. రంగులు ఎలా తీస్తారో వేరే అడగండి, మిషను దగ్గర ఆ కబుర్లు కుదరవు.

మిషను దగ్గర జాగ్రత్తలు: చున్నీ, పైట చెంగు, విడిచిన జుట్టు, మెడలో వేలాడే కెమెరా తాడు, ఇవన్నీ బిగించుకోండి. పొట్టు కళ్ళలోకి ఎగురుతుంది, కళ్ళద్దాలుంటే పెట్టుకోండి. తిరిగేదాన్ని వేలితో తాకి చూడొద్దు. "మా వాడు కూడా ఒకసారి ఉలి పట్టుకుంటాడు" అనకండి. వాళ్ళు మొహమాటానికి సరే అంటారు.

పని చూపించినందుకు ఇంత అని ఇవ్వండి, కొన్నా కొనకపోయినా. వాళ్ళ గంట పోయింది, ఆ గంటలో నాలుగు కుంకుమ భరిణెలు అయ్యేవి. ఇక బేరం. షాపులో ఆడితే ఆడండి, చేసినాయన ఎదురుగా కూర్చుని "సగానికి ఇస్తావా" అనడం మాత్రం చూడలేం.

9. కొనే ముందు ఇలా పరీక్షించండి

రంగు: తడి తెల్లబట్టతో అడుగు భాగం గట్టిగా రుద్దండి, రంగు అంటకూడదు. వాసన చూడండి, పెయింటు వాసన వస్తే లక్క కాదు. కళ్ళు జిగేల్మనే గులాబీ, రేడియం పచ్చ కనిపిస్తే అది చెట్టు నుంచి వచ్చిన రంగు కాదు. ప్రకృతి రంగు కాస్త మెత్తగా, మట్టి ఛాయతో ఉంటుంది. నేరుగా అడగండి, "ఇది ఆకు రంగా, కొన్న రంగా?" అని. చాలామంది ఉన్నదున్నట్టు చెబుతారు, రెండు రకాలూ చేసేవాళ్ళున్నారు, ధరలోనూ తేడా ఉంటుంది. భౌగోళిక గుర్తింపు ఉంది కాబట్టి ప్రతి బొమ్మా ప్రకృతి రంగే అనుకోవడం పొరపాటు, ఆ గుర్తింపు ఊరికీ పనికీ.

కర్ర: రెండు చివర్లా వెలుతురులో తిప్పి చూడండి, వెంట్రుకంత పగులు ఉన్నా వద్దు, ఇంటికెళ్ళాక పెరుగుతుంది. అదే సైజు మిగతా బొమ్మల కన్నా బరువుగా ఉంటే కర్ర పచ్చిది.

పని: బొంగరం అయితే అక్కడే తిప్పండి, వణక్కూడదు. భరిణె మూత అన్ని వైపులకీ తిప్పి పెట్టి చూడండి, ఎలా పెట్టినా సరిగ్గా కూర్చోవాలి. ఎడ్ల బండి చక్రాలన్నీ బల్ల మీద సమంగా ఆనాలి. లక్కపిడతలు చిన్న పిల్లల కోసమైతే, నోట్లో పట్టేంత చిన్న గిన్నెలు, గరిటెలు పక్కకి తీయించండి, మూడేళ్ళ లోపు పిల్లలకి గిలక్కాయ చాలు.

ఆర్డరు ఇస్తే కొలత సెంటీమీటర్లలో, రంగు నమూనా చూపించి, తేదీ అనుకుని, అడ్వాన్సు ఇచ్చి, ఫోటోతో మెసేజ్ పెట్టుకోండి. పెళ్ళి రిటర్న్ గిఫ్ట్‌లకి రెండు వారాల ముందు ఫోన్ చేసి వంద కావాలనే వాళ్ళ వల్లే కర్ర ఎండని సరుకు బయటికొస్తుంది.

10. తిరుగు ప్రయాణం

భోజనం ఎలమంచిలిలో. ఓపిక ఉంటే దారిలో అనకాపల్లి పక్కన శంకరం దగ్గర బొజ్జన్నకొండ ఎక్కొచ్చు, రాతిలో తొలిచిన బౌద్ధ గుహలు, మెట్లు ఎక్కువేం కాదు. మొదటిసారి వెళ్ళేవాళ్ళు మానేయండి, అన్నీ ఒకే రోజు కుక్కితే ఏదీ చూసినట్టుండదు. బొబ్బిలి వీణలు చేసే గొల్లపల్లి కూడా ఇందులోనే కలపమని అడుగుతుంటారు. పనస మానుతో చేసే ఆ పని చూడాల్సిందే, కానీ అది విజయనగరం అవతల, ఇంకో రోజు పెట్టుకోండి.

హైవే ఎక్కే ముందు టైర్లలో గాలి మళ్ళీ నింపండి, ఫోర్ వీల్ తీసేయండి, చక్రాల లోపల పట్టిన బురద కర్రతో గీకేయండి. బురద ఒకవైపు ఎండిపోతే ఎనభై మీద స్టీరింగ్ వణుకుతుంది, జనం అలైన్‌మెంట్ పోయిందని మెకానిక్ దగ్గరికి పరిగెడతారు. చీకటి పడేలోపు లంకెలపాలెం దాటేయండి.

ట్రిప్ సరిగ్గా జరిగిందో లేదో

బండి కింద కొత్త దెబ్బలు లేవు. పొద్దున తీసిన వీడియోతో పోల్చి, అప్పజెప్పేటప్పుడు ఇంకోటి తీయండి. మీరు ఎవరింట్లో పని చూశారో వాళ్ళ పేరు మీకు గుర్తుంది, ఫోన్ నంబరు ఉంది. మళ్ళీ కావాలంటే గైడ్ లేకుండా కూడా ఆర్డరు ఇవ్వగలరు. దోనె ఆయనకి, ఇంటివాళ్ళకి, గైడ్‌కి ఇచ్చిన డబ్బు విడిగా చెప్పగలరు. ఇవి చెప్పలేకపోతే మీరు వెళ్ళింది షాపింగ్‌కి, ఈసారి గైడ్‌ని మార్చండి.

ఇక అట్టపెట్టె సంగతి. లక్క వేడికి మెత్తబడుతుంది. మధ్యాహ్నం ఎండలో అద్దాలు మూసిన బండి డ్యాష్‌బోర్డు మీద బొమ్మలు పెట్టి భోజనానికి వెళ్తే, చుట్టిన న్యూస్‌పేపర్ అక్షరాలతో సహా బొమ్మకి అతుక్కుంటుంది, ఇక రాదు. నూలు బట్టలో చుట్టి, పెట్టెలో పెట్టి, సీటు కింద నీడలో ఉంచండి. ఇంటికొచ్చాక పొడిబట్టతో తుడిస్తే చాలు. శానిటైజరు, సెంటు తగలనివ్వకండి, ఆల్కహాల్‌కి లక్క కరుగుతుంది. నీళ్ళలో నానబెట్టకండి. మెరుపు తగ్గినట్టు అనిపిస్తే మెత్తటి నూలు బట్ట పెట్టి గట్టిగా రుద్దండి, నూనెలు, పాలిష్‌లు అక్కర్లేదు.